ఆటో రెన్యూవల్: సాఫ్ట్‌వేర్ చందాల్లో ఊహించని కోతలు

సాఫ్ట్‌వేర్ చందా గడువు ముగిశాక, వాడుతున్న మనిషి అవునని గానీ కాదని గానీ చెప్పకపోయినా, అతని కార్డు నుంచో బ్యాంకు ఖాతా నుంచో డబ్బు తీసుకుని ఇంకో నెలకో ఏడాదికో దానంతటదే కొనసాగే ఏర్పాటును ఆటో రెన్యూవల్ అంటారు. యాంటీవైరస్, ఆఫీస్ ప్యాకేజీలు, ఫొటో ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్, క్లౌడ్ స్టోరేజీ, ఫోన్ యాప్‌లు, ఈమధ్య ఏఐ చాట్ సేవలు చాలావరకు ఈ పద్ధతి మీదే నడుస్తున్నాయి. డబ్బు కట్ అయిందన్న మెసేజి వచ్చేదాకా ఆ చందా ఒకటి ఉందన్న సంగతే గుర్తుండకపోవడం దీనితో పాటే పుట్టిన ఫిర్యాదు. దీనికి మామూలుగా చెప్పే కారణం వినియోగదారు మతిమరుపు. మామూలుగా ఇచ్చే సలహా ఫోన్‌లో రిమైండర్ పెట్టుకోమని. సలహా మంచిదే గానీ కారణం సగమే నిజం. మౌనం అర్ధాంగీకారం అని సామెత. చందా ఒప్పందాల్లో మాత్రం మౌనం పూర్తి అంగీకారం, పైగా ఏటేటా కొత్తగా లెక్కలోకి వచ్చే అంగీకారం. డబ్బు తీసుకునేవాడు ముందుగా అడగాలా, ఇచ్చేవాడు ముందుగా వద్దనాలా అన్న ప్రశ్నకు చట్టం ఏం జవాబిస్తుందన్న దాన్ని బట్టే ఈ కోతలు ఊహించనివిగా మిగులుతాయో లేదో తేలుతుంది. భారతదేశం ఆ అడిగే పనిని అమ్మినవాడి కంటే ఎక్కువగా బ్యాంకుకు అప్పగించింది. ఇది చాలా దేశాలు చేయని పని. దాని బలమూ, అందులో మిగిలిన కంతలూ ఈ వ్యాసానికి ప్రధాన విషయం.

ఒకప్పుడు సాఫ్ట్‌వేర్ డబ్బాలో వచ్చేది. సీడీ కొన్నాక ఎన్నేళ్లయినా వాడుకోవచ్చు, కొత్త వెర్షన్ కావాలనుకుంటేనే మళ్లీ డబ్బు పెట్టాలి. పేజ్‌మేకర్ 7.0 తర్వాత ఇంకో వెర్షన్ రాకపోయినా తెలుగునాట డీటీపీ కేంద్రాలు దాన్నీ అను ఫాంట్లనూ పట్టుకుని ఏళ్ల తరబడి పెళ్లి శుభలేఖలు, కరపత్రాలు, పుస్తకాలు వేశాయి (వాటిలో కొన్నవి ఎన్ని, కాపీ కొట్టినవి ఎన్ని అన్నది వేరే కథ). కొనేవాడు పాతదానితో సరిపెట్టుకోగలిగితే అమ్మేవాడికి రాబడి లేదు. 2013 మేలో అడోబీ కంపెనీ సీఎస్6 వెర్షన్ తర్వాత డబ్బా సాఫ్ట్‌వేర్ ఉండదనీ, ఫొటోషాప్ లాంటివన్నీ ఇకపై క్రియేటివ్ క్లౌడ్ చందాగానే దొరుకుతాయనీ ప్రకటించింది. మైక్రోసాఫ్ట్ కూడా ఆఫీస్‌ను అదే కాలంలో చందా వైపు నడిపించింది. అంటే ఎడిటింగ్ చేసే స్టూడియోకు సాఫ్ట్‌వేర్ ఒక వస్తువుగా కాక, కరెంటు బిల్లులా నెలనెలా కట్టేదిగా మారింది. తేడా ఏమిటంటే కరెంటు బిల్లుకు రీడింగు ఉంటుంది, వాడకపోతే తగ్గుతుంది. చందాకు రీడింగు లేదు.

ఈ మార్పు కంటే ముందే చందా మీద బతికిన సాఫ్ట్‌వేర్ యాంటీవైరస్. కొత్త వైరస్‌ల సమాచారం రోజూ అందాలి కాబట్టి దాన్ని ఏడాది లెక్కన అమ్మడం సహజమే. ఆటో రెన్యూవల్ మీద తొలి పెద్ద గొడవలూ అక్కడే వచ్చాయి. చందా దానంతటదే కొనసాగుతుందన్న విషయం కొనేవారికి స్పష్టంగా చెప్పలేదన్న ఆరోపణపై సిమాంటెక్ (నార్టన్ తయారీదారు), మెకాఫీ కంపెనీలు 2009లో న్యూయార్క్ రాష్ట్ర అటార్నీ జనరల్‌తో రాజీపడి చెరి 3,75,000 డాలర్లు కట్టాయి. బ్రిటన్‌లో పోటీ, మార్కెట్ల నియంత్రణ సంస్థ సీఎంఏ 2018 చివర్లో యాంటీవైరస్ కంపెనీల మీద విచారణ మొదలుపెట్టింది. మొదటి ఏడాది తక్కువ ధర చూపి, రెండో ఏడాది దానంతటదే ఎక్కువ ధర వసూలు చేయడం, డబ్బు తీసుకున్నాక వెనక్కి ఇవ్వడానికి గట్టి నిబంధనలు పెట్టడం ఆ విచారణలో ముఖ్యాంశాలు. 2021లో మెకాఫీ, నార్టన్ రెండూ పద్ధతి మార్చుకుంటామని రాసిచ్చాయి. రెన్యూవల్ అయ్యాక కూడా వినియోగదారు వద్దంటే, వాడని కాలానికి డబ్బు తిరిగి ఇవ్వడం ఆ హామీల్లో ఒకటి. ఒకే రకమైన కంపెనీలు, ఒకే రకమైన ఫిర్యాదు, మధ్యలో పుష్కర కాలం. ఇన్నేళ్లూ కోట్లమంది మతిమరుపుతో ఉన్నారనుకోవడం కంటే, ఆ మతిమరుపు కంపెనీ లెక్కల్లో ముందే ఉందనుకోవడం సబబు.

దీన్ని ఊహగా వదిలేయనక్కర్లేదు. అర్థశాస్త్రవేత్తలు లిరాన్ ఐనవ్, బెంజమిన్ క్లోపాక్, నీల్ మహోనీ 2023లో వెలువరించిన పరిశోధన పత్రం ఒక తెలివైన దారి ఎంచుకుంది. కార్డు గడువు తీరినప్పుడో పోయినప్పుడో బ్యాంకు కొత్తది ఇస్తుంది. పాత వివరాలు చెల్లవు కాబట్టి చందాదారు కొత్త కార్డు వివరాలు ఇవ్వాలా వద్దా అని ఆ నెలలో తప్పనిసరిగా ఆలోచించాలి. పది చందా సేవల లెక్కలు తీస్తే, సరిగ్గా ఆ నెలల్లోనే మానుకునేవారి సంఖ్య ఒక్కసారిగా పెరిగింది. మిగతా నెలల్లో వాళ్లకు చందా కావలసి కాదు, దాని మీద దృష్టి పడక కొనసాగిందన్నమాట. ఈ పరధ్యానం వల్ల కంపెనీల రాబడి సేవను బట్టి 14 శాతం నుంచి 200 శాతం పైదాకా పెరిగిందని వాళ్ల అంచనా. విచిత్రం ఏమిటంటే, ఆలోచింపజేసే ఆ ఒక్క సందర్భాన్నీ కార్డు కంపెనీలు మూసేస్తూ వచ్చాయి. వీసాకు అకౌంట్ అప్‌డేటర్ అనే సేవ ఉంది. బ్యాంకులు, వర్తకులు అందులో చేరి ఉంటే, కొత్త కార్డు నంబరు, గడువు తేదీ చందాదారు చెప్పకుండానే వర్తకుడికి చేరతాయి. అమెరికాలో ఉన్న తెలుగువారు కార్డు మారింది కదా, చందా ఆగిపోయి ఉంటుందని నిశ్చింతగా ఉండటానికి వీల్లేదు.

ఇక్కడ గట్టి అభ్యంతరం ఒకటి ఉంది. ఆటో రెన్యూవల్ లేకపోతే నష్టపోయేది ఎక్కువగా వినియోగదారే కదా అన్నది ఆ అభ్యంతరం. గడువు తీరిన యాంటీవైరస్‌తో కంప్యూటర్ నడవడం, డబ్బు కట్టని క్లౌడ్‌లో పిల్లల ఫొటోలు పోవడం చిన్న విషయాలు కావు. చాలామందికి ఆటో రెన్యూవల్ కావాలి, వాళ్లు దాన్ని తెలిసే ఎంచుకుంటారు. ఇది నిజమే. అయితే అందరూ ఇష్టపడే సౌకర్యమే అయితే, దాన్ని ముందే చెప్పి ఎదురుగా పెట్టినప్పుడు జనం వెనకడుగు వేయకూడదు. యూరప్‌లోని ఒక పెద్ద వార్తాపత్రిక మీద క్లాస్ మిల్లర్, నవ్‌దీప్ సాహ్నీ, అవ్నెర్ స్ట్రులోవ్-ష్లైన్ జరిపిన ప్రయోగంలో కొందరికి ఆఫర్ ముగిశాక దానంతటదే కొనసాగే చందాను, ఇంకొందరికి దానంతటదే ఆగిపోయే చందాను చూపారు. చేరాలనుకునేవారిలో సుమారు పావు వంతు నుంచి మూడో వంతు దాకా కొనసాగే చందాను చూసి తప్పుకున్నారు. తమ మతిమరుపు సంగతి తమకే తెలిసినవాళ్లు వీళ్లు. కాబట్టి సౌకర్యం వాదాన్ని తోసిపుచ్చనక్కర్లేదు గానీ, అది రెన్యూవల్‌ను సమర్థిస్తుందే తప్ప చెప్పకుండా చేసే రెన్యూవల్‌ను సమర్థించదు. రెండు రోజుల ముందు ఒక ఈమెయిల్ పంపితే పిల్లల ఫొటోలకు వచ్చే ప్రమాదం ఏమీ లేదు.

ఊహించని కోతల్లో రకాలు చాలా ఉన్నా మూలాలు కొన్నే. ఉచిత ట్రయల్ డబ్బు చందాగా మారడం ఒకటి, మొదటి ఏడాది రాయితీ పోయి పూర్తి ధర పడటం ఇంకొకటి. ఫోన్ నుంచి యాప్ తీసేస్తే చందా కూడా పోయిందనుకోవడం మూడోది. గూగుల్ ప్లేలో కొన్న చందాను ప్లే స్టోర్‌లోని చందాల పేజీకి వెళ్లి రద్దు చేయాలి. ఐఫోన్‌లో అయితే ఆపిల్ ఖాతా సెట్టింగ్స్‌లో, ట్రయల్ ముగియడానికి కనీసం 24 గంటల ముందు చేయాలి. యాప్‌ను అన్‌ఇన్‌స్టాల్ చేయడం వీటిలో దేనికీ సమానం కాదు. మన దగ్గర కొత్తగా బలిసిన రకం రూపాయి ట్రయల్. ఒక్క రూపాయికి వారం రోజులు అని కనిపిస్తుంది, నొక్కగానే యూపీఐ యాప్ తెరుచుకుంటుంది, పిన్ అడుగుతుంది. అప్పుడు ఆమోదిస్తున్నది రూపాయి చెల్లింపును మాత్రమే కాదు, డబ్బు పదేపదే తీసుకోవచ్చన్న అనుమతిని, అంటే ఆటోపే మ్యాండేట్‌ను కూడా. ఎంత తరచుగా తీసుకుంటారు, ఒక్కో సారికి గరిష్ఠంగా ఎంత, ఏ తేదీ దాకా అన్నవి ఆ తెరమీదే ఉంటాయి. గరిష్ఠ మొత్తం దగ్గర వందలో వేలో ఉన్నా, చూసేవాడి కన్ను రూపాయి మీదే ఉంటుంది. కిరాణా కొట్లో పాలప్యాకెట్‌కు పిన్ కొట్టే అలవాటు ఎంత వేగంగా పనిచేస్తుందో ఇక్కడా అంతే వేగంగా పనిచేస్తుంది. ఆటోపే 2020లో యూపీఐని నడిపే ఎన్‌పీసీఐ తెచ్చిన మంచి సదుపాయమే. పిన్ కొట్టే చెయ్యికి ఒకసారి ఇవ్వడం, పదేపదే తీసుకోనివ్వడం రెండూ ఒకేలా అనిపించడం దాని లోపం.

ఇక రిజర్వు బ్యాంకు చేసిన పని. 2019 ఆగస్టు 21న ఇచ్చిన సర్క్యులర్‌తో కార్డుల మీద పదేపదే జరిగే చెల్లింపులకు ఈ-మ్యాండేట్ పద్ధతి వచ్చింది. మొదటిసారి నమోదుకు ఓటీపీ లాంటి అదనపు ధ్రువీకరణ తప్పనిసరి. ఆ తర్వాత ప్రతి కోతకూ కనీసం 24 గంటల ముందు కార్డు ఇచ్చిన బ్యాంకు ఖాతాదారుకు కబురు పంపాలి. వర్తకుడి పేరు, మొత్తం, తేదీ, మ్యాండేట్ నంబరు, దేనికోసం అన్న కారణం ఆ కబురులో ఉండాలి. అది చూసి ఆ ఒక్క కోతనే ఆపవచ్చు, మొత్తం మ్యాండేట్‌నే రద్దు చేయవచ్చు. దీనికి ఖాతాదారు నుంచి రుసుము తీసుకోకూడదు. ధ్రువీకరణ లేకుండా వెళ్లగల మొత్తానికి మొదట 2,000 రూపాయల హద్దు ఉండేది, 2021 ఆరంభం నుంచి 5,000, 2022 జూన్ నుంచి 15,000 అయింది. మ్యూచువల్ ఫండ్లు, బీమా ప్రీమియం, క్రెడిట్ కార్డు బిల్లులకు 2023 డిసెంబరులో లక్ష దాకా పెంచారు. ఈ పద్ధతిలో అసలు విశేషం మొత్తాల్లో లేదు. చందాదారు ఎవరినైతే బతిమాలుకోవాలో ఆ కంపెనీతో పనిలేకుండా, అతని వైపు నిలవాల్సిన బ్యాంకు దగ్గరే ఆపే మీట ఉండటంలో ఉంది. రద్దు బటన్‌ను పది పేజీల వెనక దాచగల వర్తకుడు బ్యాంకు యాప్‌లోని మీటను దాచలేడు.

దీని మీద విమర్శ తక్కువ రాలేదు. గడువును ఒకసారి 2021 మార్చి నుంచి ఆరు నెలలు పొడిగించి అక్టోబరు 1న అమలు చేసినప్పుడు, అప్పటికి సిద్ధంగా లేని బ్యాంకులు, వర్తకుల మధ్య చిక్కుకుని ఎన్నో చందాలు ఒక్కసారిగా విఫలమయ్యాయి. విదేశీ సేవలు కొన్ని భారతీయ కార్డులను తీసుకోవడమే మానేశాయి. ఆపిల్ తన స్టోర్‌లో కార్డుల బదులు ఖాతాలో ముందే నింపుకున్న డబ్బు, యూపీఐ లాంటి దారులు చూపింది. సొంతంగా వెబ్‌సైటు నడుపుకునే చిన్న వ్యాపారికి హోస్టింగ్ చెల్లింపు జరగక సైటు ఆగిపోవడం నిజమైన నష్టమే. వినియోగదారును కాపాడబోయి అతని పనినే ఆపారన్న మాటలో పస ఉంది. కానీ ఆ నష్టం నిబంధన సారాంశం నుంచి కాక, రెండేళ్లు వ్యవధి ఉన్నా వ్యవస్థలను మార్చుకోని జాప్యం నుంచి వచ్చింది. అందుకు రుజువు తర్వాతి కాలమే. నిబంధన పోలేదు, హద్దు పెరిగింది, బ్యాంకులు, చెల్లింపు సంస్థలు మ్యాండేట్ల పేజీలు కట్టాయి, చాలా విదేశీ సేవలు దానికి తగ్గట్టు మారాయి.

అసలైన బలహీనత వేరే చోట ఉంది. మ్యాండేట్ రద్దు చేస్తే డబ్బు ఆగుతుంది, ఒప్పందం ఆగదు. అమెరికాలో అడోబీ మీద 2024 జూన్‌లో ప్రభుత్వం వేసిన దావా ఈ తేడాను బాగా చూపిస్తుంది. ఏడాది ఒప్పందాన్ని నెలవారీ చెల్లింపుగా కనపడేలా అమ్మారనీ, మొదటి ఏడాదిలో మధ్యలో మానుకుంటే మిగిలిన నెలల మొత్తంలో సగం రుసుముగా పడుతుందన్న సంగతిని చిన్న అక్షరాల్లో, లింకుల వెనక ఉంచారనీ అందులో ఆరోపణ. ఇలాంటి చందాను బ్యాంకు దగ్గర ఆపితే, కొన్నవాడి దృష్టిలో అది ముగిసిపోయింది, అమ్మినవాడి పుస్తకంలో బాకీ. పైగా 24 గంటల ముందు వచ్చే ఎస్ఎంఎస్ కూడా లోన్ ఆఫర్లు, ఓటీపీలు, రీఛార్జి ప్రకటనల గుంపులో ఒకటి. అందులో సాఫ్ట్‌వేర్ పేరు ఉండాల్సిన చోట ఎన్నడూ వినని బిల్లింగ్ సంస్థ పేరు కనిపించవచ్చు. విదేశీ చందా అయితే లెక్క ఇంకా చిక్కు. ధర డాలర్లలో ఉంటే రూపాయి మారకం రేటు, దాని మీద బ్యాంకు వేసే మార్కప్, పద్దెనిమిది శాతం జీఎస్టీ కలిసి చివరి మొత్తాన్ని వెబ్‌సైటులో చూసిన ధరకు దూరం చేస్తాయి. చెప్పారు కదా అనడానికీ తెలిసేలా చెప్పడానికీ మధ్య దూరం ఇంత ఉంటుంది.

ఈ ఒప్పందం వైపును సరిచేయాల్సింది వినియోగదారు చట్టం. కేంద్ర వినియోగదారుల పరిరక్షణ సంస్థ 2023 నవంబరు 30న డార్క్ ప్యాటర్న్‌ల మీద మార్గదర్శకాలు నోటిఫై చేసి పదమూడు రకాల మోసపు డిజైన్లను పేర్కొంది. చేరడం తేలిక చేసి మానడం కష్టం చేసే చందా ఉచ్చు అందులో ఉంది. ఉచితంగా ఇస్తామన్న చందాకు కూడా చెల్లింపు వివరాలు అడగడం దాని కిందకే వస్తుంది. సాఫ్ట్‌వేర్ సేవల బిల్లింగ్ పేరుతో విడిగా ఇంకో రకమూ ఉంది. ట్రయల్ డబ్బు చందాగా మారినప్పుడు చెప్పకపోవడం, కబురు లేకుండా ఆటో డెబిట్ చేయడం అందులోని ఉదాహరణలు. రాతలో ఇది చాలా దేశాల చట్టాలకు తీసిపోదు. అమలులో మాత్రం ఆ సంస్థ ఇప్పటిదాకా ఎక్కువగా హెచ్చరికలు, సలహాల దారే పట్టింది. 2025 జూన్‌లో ఆన్‌లైన్ వేదికలను మూడు నెలల్లో తమను తాము తనిఖీ చేసుకోమని అడిగింది. దొంగనే తాళాలు సరిచూడమన్నట్టు ఉందని ఎవరైనా అంటే కాదనడం కష్టం.

డబ్బు కట్ అయ్యాక ఏం చేయాలన్నది చెల్లింపుకూ ఒప్పందానికీ మధ్య ఉన్న పై తేడా నుంచే తేలుతుంది. అమ్మినవాడి దగ్గర చందాను రద్దు చేసి, రద్దయిందన్న పేజీనీ ఈమెయిల్‌నూ భద్రపరచాలి. బ్యాంకు దగ్గర మ్యాండేట్‌ను వేరుగా రద్దు చేయాలి. ఒకటి చేస్తే రెండోది జరగదు. డబ్బు వాపసును కొన్న చోటే అడగాలి. ఆపిల్, గూగుల్ ద్వారా కొన్నదాన్ని యాప్ తయారీదారు తిరిగి ఇవ్వలేకపోవచ్చు. గూగుల్ ప్లేలో మొదటి 48 గంటల్లో అడిగితే దారి సులువు. బ్యాంకుతో మాట్లాడేటప్పుడు, నాకు తెలియదు, గుర్తులేదు అన్న మాట కన్నా రెండు ప్రశ్నలు బలమైనవి: 24 గంటల ముందు కబురు ఎప్పుడు, ఎక్కడికి పంపారు? రద్దు చేసిన తేదీ తర్వాత ఈ కోత ఎలా జరిగింది? రెండో సందర్భానికి వీసా నిబంధనల్లో రద్దయిన పునరావృత లావాదేవీ అని ప్రత్యేక వివాద విభాగమే ఉంది. ఓటీపీ ఇచ్చి తానే పెట్టుకున్న మ్యాండేట్ మీద జరిగిన కోతను అనధికార లావాదేవీ అని నిలబెట్టడం కష్టం. అలా రాసిన ఫిర్యాదు మొదటి మెట్టు మీదే ఆగిపోతుంది. బ్యాంకు 30 రోజుల్లో తేల్చకపోతే రిజర్వు బ్యాంకు అంబుడ్స్‌మన్ ఉన్నాడు, కంపెనీ మీద అయితే జాతీయ వినియోగదారుల హెల్ప్‌లైన్ 1915. 2019 వినియోగదారుల రక్షణ చట్టం ప్రకారం జిల్లా కమిషన్‌లో తాను ఉండే ఊళ్లోనే కేసు వేయవచ్చు. బెంగళూరు కంపెనీ మీద కరీంనగర్‌లో, ఐదు లక్షల లోపు విలువకు రుసుము లేకుండా. వ్యాపారం కోసం కొన్నవాళ్లు వినియోగదారులు కారన్న మినహాయింపు ఉన్నా, స్వయం ఉపాధితో బతికే ఆల్బమ్ డిజైనర్‌కు అది అడ్డు రాదు. ఐదారు వందల రూపాయల కోసం ఎవరు తిరుగుతారన్నది న్యాయమైన ప్రశ్నే. ఈ వ్యాపారం నిలబడింది కూడా ఆ ప్రశ్న మీదే.

రెన్యూవల్ భయం మీద ఇంకో దొంగతనం పెరిగింది. నార్టన్ పేరుతోనో, అమెరికాలో అయితే కంప్యూటర్ మరమ్మతు సేవ గీక్ స్క్వాడ్ పేరుతోనో, మీ చందా వందల డాలర్లకు రెన్యూ అయింది, వద్దంటే ఈ నంబరుకు ఫోన్ చేయండి అని దొంగ బిల్లు వస్తుంది. ఫోన్ చేస్తే కంప్యూటర్‌ను దూరం నుంచి అప్పగించమంటారు. బిల్లులోని నంబరును వదిలేసి బ్యాంకు స్టేట్‌మెంట్ చూసుకుంటే చాలు, కోత అసలు ఉండదు. మన దేశంలో డబ్బు పోయాక ఫోన్ చేయాల్సిన నంబరు 1930.

బాధ్యతను అమ్మకందారు మీద పెట్టిన దేశాల అనుభవం మిశ్రమంగా ఉంది. జర్మనీ 2022 జులై 1 నుంచి వెబ్‌సైటులో కుదిరిన చందాలకు కంటికి కనిపించే రద్దు బటన్‌ను తప్పనిసరి చేసింది, అది అక్కడ నిలిచింది. అమెరికాలో 2010 చట్టం షరతులు స్పష్టంగా చెప్పాలనీ, మానుకునే దారి సులువుగా ఉండాలనీ అంది. ఆ సులువును వివరించడానికి ఫెడరల్ ట్రేడ్ కమిషన్ 2024లో తెచ్చిన క్లిక్‌తో రద్దు నిబంధనను, తయారీలో పద్ధతి పాటించలేదన్న కారణంతో అప్పీలు కోర్టు 2025 జులైలో కొట్టేసింది. అదే ఏడాది సెప్టెంబరులో అమెజాన్ తన ప్రైమ్ చందాల కేసులో 250 కోట్ల డాలర్లకు రాజీపడింది. అక్కడ రద్దు చేసే ప్రక్రియకు కంపెనీ లోపల ఇలియడ్ అని పేరు పెట్టుకున్నారని కమిషన్ దావాలో రాసింది. ప్రాచీన గ్రీకు మహాకావ్యం పేరు, దాని నిడివిని తలచుకుని.

బాధ్యతను బ్యాంకు మీద పెట్టినా, అమ్మకందారు మీద పెట్టినా, రెండు దారుల్లోనూ పూర్తిగా పట్టుబడని సందర్భం ఒకటి 2025 అక్టోబరులో ఆస్ట్రేలియాలో బయటపడింది. మైక్రోసాఫ్ట్ 365లో ఏఐ సహాయకుడైన కోపైలట్‌ను కలిపి, వ్యక్తిగత వార్షిక ధరను 109 నుంచి 159 ఆస్ట్రేలియా డాలర్లకు పెంచి, పాత ధరకే కోపైలట్ లేని క్లాసిక్ ప్లాన్ ఉందన్న సంగతి రద్దు ప్రక్రియలోకి వెళితే తప్ప తెలియకుండా చేశారని అక్కడి పోటీ, వినియోగదారుల కమిషన్ కోర్టుకు వెళ్లింది. కంపెనీ క్షమాపణ చెప్పి డబ్బు వాపసు ఇస్తామంది. ఇక్కడ ముందస్తు కబురు వెళ్లింది, మొత్తమూ చెప్పారు. చెప్పనిది ఇంకో దారి ఉందన్న విషయం. అదే భారత్‌లో జరిగితే ఈ-మ్యాండేట్ ఏం చేస్తుంది? మ్యాండేట్ నమోదు చేసేటప్పుడు మొత్తాన్ని స్థిరంగానూ పెట్టవచ్చు, గరిష్ఠ హద్దుతో మారేలాగానూ పెట్టవచ్చు. స్థిరంగా ఉంటే పెరిగిన ధరకు మళ్లీ ఓటీపీ అడగక తప్పదు. హద్దు పెట్టుకునేది ఖాతాదారే అని నిబంధన చెబుతుంది. తెరమీద మాత్రం ఆ గడిలో అంకె చాలాసార్లు ముందే నింపి ఉంటుంది, చందా ధర కన్నా బాగా ఎక్కువగా.